ఏడు చిలకల దర్వాజా

హైదరాబాదు పాతబస్తీలో, ఊరు చూడ్డానికి వచ్చినవాళ్ళని గల్లీ గల్లీ తిప్పి చూపించే మురహరి అనే గైడు ఉండేవాడు. మనిషి మంచివాడే గానీ ‘తెలియదు’ అనే మాట మాత్రం అతని నోట వచ్చేది కాదు.

ఏదడిగినా చెప్పేవాడు. తెలిస్తే తెలిసింది చెప్పేవాడు, తెలియకపోతే అప్పటికప్పుడు పుట్టించి చెప్పేవాడు. పుట్టించినవే ఎక్కువ బాగుండేవి, అదొక చిక్కు. గోడకి కన్నం కనిపిస్తే ఒక బేగం అందులోంచి పండగ నెలవంకని చూసేదనేవాడు. మెట్టు విరిగి ఉంటే ఏనుగు తొక్కిందనేవాడు. ఏనుగు మెట్లెక్కి ఏం చేసిందని ఎవరూ అడగలేదు. నోరెళ్ళబెట్టి వినేవారు, ఫోటోలు తీసుకునేవారు, సంతోషంగా వెళ్ళిపోయేవారు. ఇందులో ఎవరికీ నష్టం లేదు కదా అని మురహరి ధీమా. నిజం చెప్పొద్దూ, అప్పటిదాకా ఎవరికీ నష్టం జరగలేదు.

ఒక చలికాలం ఉదయం తెనాలి నుంచి ఇద్దరు పెద్దావిడలు వచ్చారు. వాళ్ళు వదినా మరదళ్ళు. వదిన హైమవతి డెబ్బై దాటిన మనిషి, ఎవరేం చెప్పినా నమ్మేది. మరదలు సర్వలక్ష్మి కొత్తిమీర కట్ట కొనాలన్నా నాలుగు ప్రశ్నలు వేసేది. పెద్ద గుంపులో పడి పరిగెత్తడం తమవల్ల కాదని, తమ ఇద్దరికే చూపించేలా మురహరిని మాట్లాడుకున్నారు.

చార్మినార్ చూశాక హైమవతి కాళ్ళు లాగుతున్నాయంది. మురహరి వాళ్ళని ఒక సందులో ఉన్న పాత బేకరీకి తీసుకెళ్ళి టీ ఇప్పించాడు. సర్వలక్ష్మి బిస్కెట్లు టీలో ముంచుకుని తృప్తిగా తింది. హైమవతికి చక్కెర జబ్బు. పాపం, వాసన చూసి సరిపెట్టుకుంది.

“మీ నాన్నగారు ఏం చేసేవారు నాయనా?” అని ఆవిడ మురహరిని అడిగింది.

మామూలుగా అయితే తన తాతముత్తాతలు నవాబుల కొలువులో ఉండేవారని మొదలుపెట్టేవాడు. కానీ అప్పుడు నోట్లో బిస్కెట్ ఉంది, కొత్తగా ఏదీ తట్టలేదు. నిజం చెప్పేశాడు.

“ఇక్కడేనమ్మా, ఈ బేకరీలోనే పిండి పిసికేవాడు. యాదగిరి ఆయన పేరు. బడి లేని రోజు నన్ను వెంట తెచ్చుకుని ఆ మైదా బస్తాల మీద పడుకోబెట్టేవాడు. బట్టీ వేడికి భలే నిద్ర పట్టేది.”

“ఎంత చక్కగా చెప్పావు నాయనా,” అంది హైమవతి.

మురహరికి సిగ్గేసింది. ఈ సంగతి చెప్పకుండా ఉండాల్సింది అనుకుంటూ గబగబా లేచి వాళ్ళని బయలుదేరదీశాడు.

రెండు మూడు సందులు దాటాక ఒక పాత దేవిడీ ద్వారం వచ్చింది. లోపల ఉండిన పెద్ద భవంతి ఎప్పుడో పోయింది. ద్వారం మాత్రం మిగిలింది. పైన కమాను నిండా సున్నం పెచ్చులు ఊడి, ఏవో ఉబ్బెత్తు ముద్దలు కనిపిస్తున్నాయి.

“దీని పేరేమిటి?” అని అడిగింది సర్వలక్ష్మి.

మురహరికి తెలియదు. ఆ దారిన చాలాసార్లు వెళ్ళాడు గానీ ఎవరినీ అడగలేదు. తలెత్తి ఆ ముద్దల వంక చూశాడు.

“ఏడు చిలకల దర్వాజా అమ్మా,” అన్నాడు. “ఇక్కడి నవాబుకి ఏడు చిలకలుండేవి. చుట్టం వస్తే ఒక చిలక, శత్రువు వస్తే ఒక చిలక, ఒక్కొక్కటి ఒక్కో తీరుగా అరిచేది. ఆ చిలకలు చనిపోతే నవాబు ఏడ్చి ఏడ్చి వాటి బొమ్మలే పైన పెట్టించాడు.”

“అయ్యో,” అంది హైమవతి. ఆవిడకి ఆ ముద్దల్లో చిలకలు కనిపించాయి కూడా. సర్వలక్ష్మికి ఒక్కటీ కనిపించలేదు.

మురహరికి ఒక అలవాటుంది. సందుల్లోకి దిగే ముందు ప్రతిసారీ ఒక గుర్తు చెప్పేవాడు. ఎవరైనా తప్పిపోతే ఆ గుర్తు దగ్గరికి వచ్చి నిలబడాలి. ఆ రోజు కూడా చెప్పాడు.

“తప్పిపోతే ఇంకెక్కడికీ పోవద్దు. ఈ దర్వాజా దగ్గరికే రండి. ఏడు చిలకల దర్వాజా అంటే చిన్నపిల్లాడైనా చూపిస్తాడు.”

హైమవతి ఆ పేరు రెండుసార్లు పైకే అనుకుంది. తర్వాత సర్వలక్ష్మి, “భోజనం ఎక్కడ? వదిన అన్నానికి ముందు మాత్ర వేసుకోవాలి,” అని అడిగింది. ఎక్కడికి తీసుకెళ్ళాలో మురహరి ఇంకా అనుకోలేదు.

“ఈ పక్క సందులోనే. వేసేసుకోండి,” అన్నాడు.

హైమవతి మాత్ర మింగి, మందుల డబ్బా, ఫోను రెండూ మరదలి చేతిసంచిలో పడేసింది.

పక్క సందులో హోటల్ లేదు, గాజుల కొట్లు ఉన్నాయి. లక్క గాజులు చూసేసరికి సర్వలక్ష్మి ఆగిపోయింది. బేరం మొదలైంది. అంతలో పెళ్ళి ఊరేగింపొకటి మర్ఫా డప్పులు మోగించుకుంటూ వచ్చింది. పెళ్ళికొడుకు మొహం పూలదండల వెనక దాక్కుని ఉంది. ఎలా ఉన్నాడో చూద్దామని హైమవతి కొట్టు దిగింది. వెనకొచ్చే జనం ఆవిడని కొంతదూరం తమతోపాటే నెట్టుకుపోయారు. సర్వలక్ష్మి గాజులు చేతికి తొడుక్కుని, “వదినా, ఈ రంగు బాగుందా?” అంటూ తిరిగి చూస్తే వదిన లేదు.

“కంగారు పడకండమ్మా,” అన్నాడు మురహరి. “గుర్తు చెప్పాను కదా, అక్కడికే వచ్చేస్తారు.”

ఇద్దరూ దర్వాజా దగ్గరికి పోయి నిలబడ్డారు. ఎంతసేపు చూసినా హైమవతి రాలేదు. సర్వలక్ష్మి సంచిలోంచి వదిన ఫోను తీసి చూసి, మళ్ళీ లోపల పెట్టింది.

“మాత్ర వేసుకుని ఏమీ తినకపోతే ఆవిడకి చెమటలు పట్టి కళ్ళు తిరుగుతాయి,” అంది. “పోయినేడు వంటింట్లో అలాగే పడిపోయింది. నేను పక్కనే ఉన్నాను కాబట్టి చక్కెర నోట్లో పోశాను. ఇక్కడ ఎవరున్నారు ఆవిడకి? ఒక్కరి నంబరు కూడా నోటికి రాదు.”

“చార్మినార్ దగ్గరికి పోయి ఉంటారేమో.”

“పోదు. ఇంకెక్కడికీ పోవద్దని నువ్వే చెప్పావు. చెప్పిన మాట జవదాటే మనిషి కాదు మా వదిన. అడుగుతూ అడుగుతూ ఇక్కడికే రావాలి.”

మరి ఎందుకు రాలేదు? మురహరి గాజుల సందులోకి పరిగెత్తి, మొదటి కొట్లో కూర్చున్న ఆవిడని అడిగాడు. సర్వలక్ష్మి ఆయాసపడుతూ వెనకే వచ్చింది.

“ముసలమ్మనా? వచ్చింది,” అంది గాజులామె. “ఏడు చిలకల దర్వాజా ఎక్కడా అని ఈ చివరి నుంచి ఆ చివరి దాకా అడిగింది. నేను పుట్టింది ఈ గల్లీలోనే, అసుంటి దర్వాజా పేరే వినలే. ఎవరో చిలకలంటే పిట్టల బజారు అనుకుని అటు తోలిన్రు. మళ్ళ వచ్చి ఇంకోల్లని అడిగింది, వాళ్ళు ఇంకోదిక్కు తోలిన్రు. మొహమంత వాడిపోయింది పాపం. కూసోమంటే కూసోలే. దర్వాజా కాడ మావోళ్ళు ఎదురుచూస్తుంటరని పోయింది.”

సర్వలక్ష్మి మురహరి వైపు తిరిగింది.

“ఇక్కడ పుట్టి పెరిగినవాళ్ళకి తెలియని పేరు నీకెలా తెలిసింది?”

అది పాత ఫార్సీ పేరు, ఇప్పటివాళ్ళు మరిచిపోయారు అనే మాట మురహరి నాలుక చివరిదాకా వచ్చింది. ఎంత సులువుగా వచ్చిందో చూసి అతనికే భయం వేసింది. సర్వలక్ష్మి చేతిలో వదిన మందుల డబ్బా ఉంది.

“నేనే కల్పించానమ్మా,” అన్నాడు. “ఆ ద్వారం పేరు నాకు తెలియదు. చిలకలు లేవు, నవాబు లేడు. పక్క సందులో హోటల్ అన్నది కూడా అబద్ధమే.”

సర్వలక్ష్మి అతన్ని కొట్టినంత పని చేసింది. కానీ తిట్టడానికి కూడా టైము లేదని ఆవిడకి తెలుసు.

“సరే, విను. ఆవిడకి ఈ ఊళ్ళో తెలిసిందల్లా నువ్వు చెప్పిందే. అదే అడుగుతుంది. చిలకల పేరు పనికిరాలేదంటే నువ్వు చెప్పిన ఇంకోటేదో అడుగుతుంది. పొద్దుట్నుంచి చెప్పినవాటిలో జనానికి తెలిసిన నిజం ఏదైనా ఉందా?”

మురహరి తల దించుకుని ఆలోచించాడు. బేగం కన్నం కాదు. ఏనుగు మెట్టు కాదు. ఒక్కొక్కటే గుర్తు చేసుకుంటుంటే చెవులు వేడెక్కాయి. అన్నీ పుట్టించినవే. ఒక్కటి తప్ప.

“మా నాన్న,” అన్నాడు. “మా నాన్న పనిచేసిన బేకరీ.”

ఇద్దరూ బయలుదేరారు. సర్వలక్ష్మి మోకాళ్ళ నొప్పి మరిచిపోయి నడిచింది. మురహరి ముందు పరిగెత్తడం, ఆవిడ కోసం ఆగడం, మళ్ళీ పరిగెత్తడం. ఏ అరుగు మీద ముసలావిడ కనిపించినా దగ్గరికి పోయి మొహం చూసేవాడు. హైమవతమ్మకేమైనా అయితే ఇక ఈ గల్లీల మొహం ఎలా చూడను అనుకున్నాడు. దేవుడా, ఈ ఒక్కసారికి ఆవిడ క్షేమంగా ఉంటే చాలు అనుకున్నాడు.

బేకరీ లోపల, మైదా బస్తాల మీద, బట్టీ పక్కన వెచ్చగా, హైమవతి కూర్చుని ఉంది. ఒక చేతిలో తీపి టీ, ఇంకో చేతిలో సగం తిన్న బన్ను. మొహం మీద చెమట ఆరుతోంది. బేకరీ యజమాని ఇస్మాయిల్ ఎదురుగా నిలబడి, పూర్తిగా తింటే గానీ కదలనివ్వనన్నట్టు చూస్తున్నాడు.

సర్వలక్ష్మి పోయి వదిన పక్కన కూలబడింది. ఏడుపు వచ్చింది, నవ్వు వచ్చింది, ముందు తిట్టు వచ్చింది.

“పెళ్ళికొడుకుని చూడకపోతే ఏం పోయింది నీకు?”

“బాగున్నాడే, కుర్రాడు. కాస్త మెల్ల,” అంది హైమవతి.

మురహరి గుమ్మంలోనే నిలబడిపోయాడు. గోడకి ఆనుకుని, తువ్వాలుతో మొహం కప్పుకుని బావురుమన్నాడు. ఇస్మాయిల్‌కి సంగతి అర్థం కాలేదు.

“అరే బేటా, ఏడుస్తవేంది? అమ్మ మంచిగనే ఉంది,” అన్నాడు. “బజార్ల నిలబడి యాదగిరి పిండి పిసికిన బేకరీ ఎక్కడా అని అడిగిందంట. కూరగాయల బండాయన చెయ్యి పట్టుకుని తెచ్చి ఇక్కడ కూసోబెట్టిండు. చేతులు వణుకుతున్నయని నేనే చాయ్‌ల చక్కెర ఎక్కువేసి ఇచ్చిన.”

హైమవతి మురహరిని దగ్గరికి పిలిచింది.

“చాలామందిని అడిగాను నాయనా. ఏడు చిలకల దర్వాజా ఒక్కరికీ తెలియదు,” అంది. “కళ్ళు తిరుగుతుంటే ఇంకేం చెయ్యాలో తోచక మీ నాన్న పేరు చెప్పాను. ఆయన మాత్రం అందరికీ తెలుసు.”

మురహరి ఆవిడ కాళ్ళ దగ్గర కూర్చుని జరిగిందంతా చెప్పాడు. హైమవతి బన్ను నములుతూ విన్నది. చిలకలు లేవని తెలిసి కాస్త బాధపడింది గానీ కోప్పడలేదు. కోపం ఇద్దరి తరఫునా సర్వలక్ష్మే చూపించింది, అది చాలింది.

“ఇంతకీ ఆ ద్వారం అసలు పేరేమిటి?” అని అడిగింది హైమవతి చివరికి.

“తెలియదమ్మా,” అన్నాడు మురహరి.

అంత చిన్న మాట. అనేశాక గుండెల మీంచి బరువు దిగిపోయినట్టు అనిపించి, ఇన్నాళ్ళూ దీనికేనా నేను భయపడింది అనుకున్నాడు.

“ఆ ముక్క పొద్దున్నే అనుంటే నా మోకాళ్ళు నాకు మిగిలేవి,” అంది సర్వలక్ష్మి. అందరూ నవ్వారు.

కడుపునిండా భోజనం చేశాక ముగ్గురూ మళ్ళీ ఆ ద్వారం దగ్గరికి వెళ్ళారు. ఈసారి మురహరి పక్కింటి తలుపు తట్టి దాని పేరు అడిగాడు. పేరేమీ లేదని, వాళ్ళ తాత కూడా పాత దర్వాజా అనే అనేవాడని ఆ ఇంటాయన చెప్పాడు. అయినా లోపలికి పిలిచి, పెరట్లో మిగిలిన పాత బావి, దాని రాతి అంచు మీద తాళ్ళ ఒరిపిడికి పడిన గాట్లు చూపించాడు. హైమవతి ఆ గాట్లలో వేలు పెట్టి, ఎంతమంది ఆడవాళ్ళు నీళ్ళు తోడారో కదా అని చాలాసేపు నిలబడింది. సర్వలక్ష్మి కూడా ప్రశ్నలు మాని ఊరికే చూసింది.

ఆ తర్వాత మురహరి గైడు పని మానలేదు. తెలిసింది తెలిసినంతవరకే చెప్పేవాడు. తెలియనిది అడిగితే, “తెలియదండీ, రండి, ఇక్కడివాళ్ళని అడుగుదాం,” అనేవాడు. అలా అడగబోయి ఎన్నో ఇళ్ళల్లో చాయ్ తాగాడు, తను పుట్టించగలిగినవాటికన్నా మంచి సంగతులు విన్నాడు. తప్పిపోతే రావాల్సిన గుర్తు మాత్రం, ఎవరికైనా సరే, యాదగిరి పనిచేసిన బేకరీ అనే చెప్పేవాడు.

మనం చెప్పిన మాట పట్టుకుని ఎవరో ఒకరు దారి వెతుక్కుంటారు కాబట్టి, తెలియనిదాన్ని తెలియదనే చెప్పాలి.