మూడు పగళ్ళ గడ్డలు

మన కొండలకు చాలా దూరంగా, సముద్రం దాటాక, గింజలకోన అనే అడవి ఉంది. ఆ అడవిలో ఏనుగులు, ముళ్ళపందులు, బూడిదరంగు చిలుకలు, చింపాంజీలు ఉండేవి. కోన చివర వాగు ఒడ్డున ఒక ముసలామె గుడిసె కూడా ఉండేది. ఆమె వీపున ఎప్పుడూ గంప ఉండేది కనుక జంతువులు ఆమెను గంపవ్వ అని పిలిచేవి.

చింపాంజీల మందకు పెద్ద బుర్రన్న. అతని అసలు పేరేమిటో అందరూ మరిచిపోయారు. ఏ చెట్టు ఎప్పుడు కాస్తుందో, ఏ గింజకు ఏ రాయి సరిపోతుందో, అన్నీ అతని తలలో ఉండేవి. బండ మీద గింజ పెట్టి రాయితో ఒక్క దెబ్బ కొడితే పెంకు రెండు చెక్కలయ్యేది, పప్పు చెదిరేది కాదు. రెండో దెబ్బ అతనికి ఎన్నడూ అవసరం రాలేదు.

ఆ మందలో ఒక కట్టుబాటు ఉండేది. ఎవరూ ఎవరినీ ఏదీ అడగకూడదు. ఎవరూ ఎవరికీ ఏదీ చూపించకూడదు. చిన్నవాళ్ళు వెనక కూర్చుని చూడాలి. పని పట్టుబడితే సరే, లేకపోతే వాళ్ళ ఖర్మ.

"అడిగిన నోరూ, అడుక్కున్న చెయ్యీ ఒకటే," అనేవాడు బుర్రన్న.

అతని మనవరాలు గురివి నాలుగేళ్ళుగా తాత వెనక కూర్చుని చూస్తోంది. ఇంతవరకు ఒక్క గింజ కూడా పగలగొట్టలేకపోయింది. రాయి జారి వేళ్ళ మీద పడేది. గురివి కుయ్యిమనేది. బుర్రన్న వెనక్కి తిరిగి చూసేవాడు కాదు.

ఒకనాడు ఒక చిలుక వచ్చి అతని ముందు వాలింది.

"బుర్రన్నా, గంపవ్వ తలకాయ చూశావా? అందులో మెదడు నీదానికి మూడింతలుంటుందట!"

"గుమ్మడికాయ కూడా పెద్దదే," అన్నాడు బుర్రన్న. "పిలుచుకురా ఆ ముసలమ్మను. ఎవరి బుర్ర ఏపాటిదో తేల్చేద్దాం."

అడవి అంతా వాగు ఒడ్డున చేరింది. చిలుకలు ఒక బండ మీద తొమ్మిది గింజలు చెల్లాచెదురుగా పెట్టాయి. ఒక్కోటి ఒక్కో సైజు. బుర్రన్న, గంపవ్వ ఒక్కసారి చూశారో లేదో, చిలుకలు వాటిపై ఆకులు కప్పేశాయి. చిన్న గింజతో మొదలుపెట్టి పెద్దదాని వరకు వరుస తప్పకుండా తీయాలి. అదీ పందెం.

బుర్రన్న తొమ్మిదీ తీసేశాడు. చూసేవాళ్ళు ఊపిరి పీల్చి వదిలేలోపు అయిపోయింది.

గంపవ్వ రెండు సరిగ్గా తీసింది. మూడోది తప్పింది.

"మూడింతల మెదడు మూడో గింజ దగ్గరే చతికిలబడింది!" అన్నాడు బుర్రన్న. జంతువులన్నీ పగలబడి నవ్వాయి.

గంపవ్వ కూడా నవ్వింది. "నీది చురుకైన బుర్ర నాయనా. మాది ఆలస్యపు బుర్ర. మా పిల్లలకు ఏడాది నిండినా సరిగ్గా నడక రాదు. వాళ్ళ మెదడు పచ్చికుండలాంటిది, చాలా ఏళ్ళు ఆరదు. అందుకే పదిమంది వేలిముద్రలు దాని మీద పడతాయి."

"నాది ఎప్పుడో కాలిన కుండ," అన్నాడు బుర్రన్న. "దాని మీద ఎవరి వేలూ పడదు."

ఆ ఏడు వానలు మొహం చాటేశాయి. గింజల చెట్లు పూత రాల్చేశాయి. చింపాంజీలు ఆకులు నమిలి, బెరడు గీకి కాలం గడిపాయి. గురివి పక్కటెముకలు లెక్కపెట్టడానికి వచ్చేలా తేలాయి. దాని తల్లి మొగిలి బిడ్డను ఒళ్ళో పెట్టుకుని తన వంతు ఆకులు కూడా దాని నోట్లో పెట్టేది. అది చూస్తే బుర్రన్నకు ముల్లు గుచ్చుకున్నట్టుండేది. మందకు పెద్ద తాను. పిల్లకు ముద్ద పెట్టలేకపోయాడు.

కరువులో కూడా గంపవ్వ పొయ్యి ఆరలేదు. ఆమె చేదుగడ్డలు తవ్వుకునేది. ఆ గడ్డలు విషమని అడవిలో అందరికీ తెలుసు. ముళ్ళపంది కూడా వాటిని వాసన చూసి వదిలేస్తుంది. మరి ఆమె ఎలా తింటోంది?

అడిగితే తెలిసేది. బుర్రన్న అడగలేదు. చెట్టెక్కి ఆకుల చాటున కూర్చుని చూశాడు.

గంపవ్వ గడ్డల తొక్క తీసింది. పలుచగా ముక్కలు కోసింది. గంపలో పోసి, పారే నీటిలో ముంచి, పైన రాయి పెట్టింది. రోజూ పొద్దున గంపను మూడుసార్లు కర్రతో తట్టి, ముక్కలు తిరగేసి, మళ్ళీ నీటిలో ముంచింది. మూడు పగళ్ళు గడిచాక ఒక ముక్క తీసి పెదవికి ఆనించింది. చెట్టు నీడ బారెడు జరిగేదాకా కదలకుండా కూర్చుంది. ఆ తరువాతే తిన్నది.

'ఇందులో సగం చాదస్తం,' అనుకున్నాడు బుర్రన్న.

అతను రహస్యంగా గడ్డలు తవ్వాడు. తొక్క తీశాడు. రాతి అంచుతో ముక్కలు చేశాడు. లోపల తొర్రగా ఉన్న ఒక దుంగలో వాటిని నింపి వాగులో నానబెట్టాడు. మరునాడు పొద్దున ఒక ముక్క నాలుకకు తగిలించి చూశాడు. చేదు లేదు! చేదు పోయాక ఇంకా నానబెట్టడమేమిటి? ముసలిదానికి మూడు పగళ్ళు పట్టిన పని తనకు ఒక్క పగలు పట్టింది.

అతనికి పట్టరాని సంతోషం కలిగింది. ముక్కలన్నీ తెచ్చి మంద మధ్యలో పోశాడు. తొక్క తీసిన ఆ ముక్కలు ఏ గడ్డవో ఎవరూ పోల్చుకోలేదు, కట్టుబాటు ప్రకారం ఎవరూ అడగలేదు. ఆకలితో తన కడుపు కాలుతున్నా తాను తినలేదు.

"ముందు గురివి తినాలి," అన్నాడు.

గురివి రెండు చేతులతో తిన్నది. "తాతా, బాగుంది!" అన్నది.

కాసేపటికి దాని పెదవులు వాచాయి. కడుపు పట్టుకుని నేల మీద దొర్లింది. నోట నురగ వచ్చింది. చేతులు చల్లబడ్డాయి.

"ఏమైంది నా బిడ్డకు? నాన్నా, ఏమైంది?" మొగిలి అరిచింది.

మంద అంతా బుర్రన్న వైపు చూసింది. ఒక్క చూపులో తొమ్మిది గింజలు గుర్తుపెట్టుకున్న తల అది. ఆ క్షణాన ఆ తలలోకి అబద్ధం ఒక్కటే వచ్చింది.

"ఏ పుట్టగొడుగో కొరికి ఉంటుంది," అన్నాడు.

ఆ మాట నోట్లోంచి రాగానే అతని చెవులు కాలిపోయాయి. అయినా దాన్ని వెనక్కి తీసుకోలేదు. ఇంతమంది ముందు ఎలా తీసుకుంటాడు?

మొగిలి ఏడుస్తూ ఒక గడ్డ ముక్క అందుకుంది. "దీన్ని ఎత్తుకుని గంపవ్వ దాకా పరుగెత్తాలంటే నాకు సత్తువ లేదు. ఒక ముక్క తిని పోతాను," అంటూ నోటి దగ్గరకు తెచ్చింది.

బుర్రన్న ఒక్క దూకు దూకి ఆమె చేతి మీద కొట్టాడు. ముక్క ఎగిరి మట్టిలో పడింది.

"తినకండి! ఎవరూ తినకండి! పుట్టగొడుగు కాదు, ఈ గడ్డే. నేనే పెట్టాను. అబద్ధమాడాను."

మంద అంతా ఆ ముక్కల కుప్పకు దూరంగా జరిగింది.

అతను గురివిని వీపున వేసుకుని వాగు వెంట పరుగెత్తాడు. పైన చిలుక వెంట వచ్చింది. "ఎక్కడికి బుర్రన్నా? గుమ్మడికాయ దగ్గరికేనా?" అన్నది. పిల్ల తల వేలాడటం చూసి అది ఎగతాళి మానింది.

గంపవ్వ గుడిసె ముందు నిలబడ్డాడు. పుట్టి బుద్ధెరిగాక అతను ఎవరినీ ఏదీ అడగలేదు. ఎలా అడగాలో కూడా తెలియలేదు. చివరికి తల నేలకు వాల్చి, చెయ్యి చాచాడు.

"అవ్వా, ఏం చెయ్యాలి? నాకు తెలియదు."

గంపవ్వ గబగబా తెల్లమట్టి నీళ్ళలో కలిపి పిల్లకు పట్టింది. వీపు నిమిరింది. మళ్ళీ పట్టింది. గురివి భళ్ళున కక్కింది. పొద్దు నడినెత్తి దాటేదాకా అలాగే పడి ఉంది. ఆ తరువాత సన్నగా మూలిగి తాత వేలు పట్టుకుంది.

అప్పుడు అడిగింది గంపవ్వ. "ఎన్ని పగళ్ళు నానబెట్టావు?"

"ఒక్కటి."

"నేనెన్ని నానబెట్టాను?"

"మూడు."

"గుర్తుందా నీకు?"

"అన్నీ గుర్తున్నాయి," అన్నాడు బుర్రన్న. "మూడు తట్లు, తిరగేయడం, పెదవికి ఆనించడం, నీడ జరగడం. ఒక్కటీ మరిచిపోలేదు."

"మరి?"

బుర్రన్న గురివి పాదాలు రెండు చేతులతో రుద్దాడు. మరిచిపోయి ఉంటే బాగుండేదనిపించింది. మరిచిపోయినవాడికి ఒక సాకైనా ఉంటుంది.

తరువాత మెల్లగా అడిగాడు. అది అతని జీవితంలో రెండో ప్రశ్న. "చేదు ఒక్క రోజులో పోతుంది కదా. మూడు ఎందుకవ్వా?"

"నాకూ తెలియదు నాయనా. మా అమ్మ చెప్పింది. ఆమెకు వాళ్ళమ్మ చెప్పింది. వెనకెప్పుడో ఒక తల్లి, చేదు పోయింది కదా అని బిడ్డకు తినిపించి ఉంటుంది. ఆమె ఏడుపు ఒకరి నోట ఒకరికి అందుతూ నా దాకా వచ్చింది. నా తలలో ఉన్నది నా ఒక్కదాని తెలివి కాదు."

"ఆ మూడు తట్లు?"

"గంపలో పీతలుంటే పోతాయేమో. ఉత్తదే కావచ్చు. ఏది ఉత్తదో తెలిసేదాకా అన్నీ చేస్తాను."

బుర్రన్న తల దించుకునే ఉన్నాడు. "నాది కాలిన కుండ అవ్వా. ఇప్పుడు దాని మీద ఏం పడుతుంది?"

"కాలిన కుండలోనే కదయ్యా నీళ్ళు నిలిచేది! మూత తీస్తే చాలు," అన్నది గంపవ్వ.

ఆ కరువులో చింపాంజీలు బతికాయి. గంపవ్వ చూపించిన విధంగా మూడు పగళ్ళు నానబెట్టి, గంప తట్టి, నీడ జరిగేదాకా ఆగి తిన్నాయి. వానలు పడ్డాక ఏ చెట్టు కాస్తుందో బుర్రన్న గంపవ్వకు ముందే చెప్పేవాడు. గంపవ్వ గంప ఎన్నడూ ఖాళీగా తిరిగి రాలేదు.

ఒకనాడు గురివి ఎప్పటిలాగే వెనక వచ్చి కూర్చుంది. బుర్రన్న రాయి ఎత్తి ఆగాడు. ఇన్నేళ్ళలో మొదటిసారి వెనక్కి తిరిగాడు. దాని వేళ్ళ మీద పాత దెబ్బల మచ్చలున్నాయి. అవి తన వీపు వెనకే తగిలాయి. అతని కళ్ళు వాలిపోయాయి.

"ముందుకు రా తల్లీ," అన్నాడు. రాయి దాని చేతిలో పెట్టి, తన చేతిని దాని చేతి మీద వేశాడు. ఇద్దరూ కలిసి కొట్టారు. గింజ పగలలేదు. మళ్ళీ కొట్టారు. మూడో దెబ్బకు పెంకు చిట్లింది.

"రెండో దెబ్బ ఎరగని బుర్రన్న మూడు కొట్టాడోయ్!" అని చిలుక అడవంతా చాటింది. బుర్రన్న కాదనలేదు.

ఏటా చేదుగడ్డలు వాగులో ముంచేముందు అతను పిల్లలందరినీ చుట్టూ కూర్చోబెట్టుకునేవాడు. "చేదు పోయింది కదా అని నేను ఒక్క పగలే నానబెట్టాను. నా మనవరాలికి నా చేత్తో పెట్టాను. ఆ పైన అబద్ధమాడాను," అని మొదలుపెట్టేవాడు. ఎన్నిసార్లు చెప్పినా ఆ మాట దగ్గర అతని చెవులు కాలేవి. అయినా ఒక్క ఏడాది కూడా మానలేదు.

ఇప్పుడు బుర్రన్న లేడు. వాగు ఒడ్డున గురివి చెబుతుంది. "మా తాత చేదు పోయింది కదా అని..." అని మొదలుపెడుతుంది. పిల్లలు గంపను మూడుసార్లు తడతారు.

నీతి: తెలియదని అడగడం సిగ్గు కాదు, అడగకుండా తెలిసినట్టు నడవడమే సిగ్గు, అడగడానికి ఏ వయసూ మించిపోదు.