లెక్కలా, గణితమా?

పొగడదిన్నె అని ఒక రాజ్యం ఉండేది. అక్కడ గాలి వీచాలన్నా శాసనం కావాలని జనం నవ్వుకునేవారు. దాన్ని ఏలే మార్తాండ భూపతికి శాసనాలు రాయించడమంటే అంత మోజు. రాయించిన ప్రతి శాసనాన్నీ తనే పైకి చదువుకుని, తనే తల ఊపి మెచ్చుకునేవారు.

ఆ రాజ్యంలో ఒక విద్యాపీఠం ఉంది. అందులో ముమ్మిడమ్మ అనే ఆవిడ పదకొండేళ్ళుగా పిల్లలకు లెక్కలు చెబుతోంది. అయితే ఆమెది ఖాయమైన కొలువు కాదు. ఎవరో ఒకరు దొరికేదాకా ఉండమని పెట్టుకున్నారు, ఆ ఒకరు పదకొండేళ్ళయినా దొరకలేదు.

చివరికి రాజుగారు ఆ పదవికి శాసనం వేయించారు. 'గణితంలో పట్టా గలవారే అర్హులు' అని అందులో ఉంది. పరీక్ష పెడితే ముమ్మిడమ్మ మొదటి స్థానంలో నిలిచింది. రెండోవాడు విద్యాపీఠానికి పెద్ద అయిన సర్వోత్తమాచార్యులవారి అల్లుడు. ఇక చిక్కు రాకుండా ఎలా ఉంటుంది?

ఆచార్యులవారు ఆమె పట్టాను అటు తిప్పి ఇటు తిప్పి చూసి పక్కన పడేశారు.

"ఇందులో 'లెక్కలు' అని ఉంది. శాసనంలో ఉన్నది 'గణితం'. నీకు అర్హత లేదు."

"మా గురువుగారు పట్టాలు అచ్చ తెలుగులో రాసేవారండీ," అంది ముమ్మిడమ్మ.

"అది మీ గురువుగారి తప్పు," అన్నారాయన.

ఆమె ఏడుస్తూ కూర్చోలేదు. నేరుగా వెళ్ళి రాజసభలో ఫిర్యాదు చేసింది. ఆమె తరఫున మాట్లాడటానికి బాచన ఒప్పుకున్నాడు. బాచన రాజుగారి కొలువులో చిన్న ఉద్యోగి, నోరు మాత్రం పెద్దది.

విచారణ రోజు ఎండ మండిపోతోంది. ఆచార్యులవారు లేచి, శబ్దమంటే ఏమిటి, అర్థమంటే ఏమిటి అని మొదలుపెట్టి ఒక జాము సేపు మాట్లాడారు. సభలో సగం మంది కునికిపాట్లు పడ్డారు. రాజుగారు మాత్రం తన శాసనం పేరు వచ్చినప్పుడల్లా మీసం దువ్వుకున్నారు.

"కనుక ప్రభూ," అని ముగించారు ఆచార్యులవారు, "మాట వేరైతే వస్తువూ వేరే. రెండూ సమానమని చెప్పాలంటే దానికొక సంఘం కూర్చుని తేల్చాలి. అటువంటి సంఘం మన రాజ్యంలో లేదు."

"మా శాసనంలో ఒక్క అక్షరం కూడా మారదు," అన్నారు రాజుగారు. "బాచనా, నువ్వేమంటావు?"

"ఆచార్యులవారి మాటకు తిరుగులేదు ప్రభూ," అన్నాడు బాచన.

నమ్ముకున్న మనిషే చేతులెత్తేశాడనుకుంది ముమ్మిడమ్మ.

ఆచార్యులవారు సంతోషంగా కూర్చుని, ఎండిన గొంతు సవరించుకున్నారు. "ఎవరక్కడ, జలం తీసుకురండి."

పరిచారిక కూజా పట్టుకుని వచ్చింది. బాచన ఆమెకు అడ్డు నిలబడ్డాడు.

"కూజాలో ఏముందమ్మా?"

"నీళ్ళండి."

"అయ్యో, ఆచార్యులవారు అడిగింది జలం. నువ్వు తెచ్చింది నీళ్ళు. వెనక్కి తీసుకుపో."

"ఏమయ్యా, ఈ పరిహాసం?" అన్నారు ఆచార్యులవారు.

"పరిహాసం కాదు, తమరు సెలవిచ్చిందే. మాట వేరైతే వస్తువూ వేరే కదా. ఇవి సమానమో కాదో తేల్చడానికి సంఘం వేయమని ప్రభువులకు ఇప్పుడే విన్నవిస్తాను. కార్తీకానికల్లా తేల్చేస్తారు. అందాకా కాస్త ఓర్చుకోండి."

ఆచార్యులవారు కూజా వంక చూశారు. దాని ఒంటి మీంచి చెమ్మ బొట్లు బొట్లుగా కారుతోంది. ఆయన గుటక వేశారు, మింగడానికి ఏమీ లేదు.

"జలమన్నా నీళ్ళన్నా ఒకటేనయ్యా. ముందు ఇలా ఇవ్వు."

"లేఖకుడా, రాసుకో," అన్నాడు బాచన. "పేరు వేరైనా వస్తువు ఒకటేనని ఆచార్యులవారి నిర్ణయం." ఆ తర్వాత తనే నీళ్ళు వంచి రెండు చేతులా ఆయనకు అందించాడు.

సభ గొల్లుమంది. రాజుగారు మాత్రం నవ్వలేదు.

"బాచనా, మా శాసనాన్ని గేలి చేస్తున్నావా?"

"లేదు ప్రభూ. తమరు గణితం రావాలన్నారు, ఈవిడకు వచ్చు. శాసనంలో అక్షరం మారలేదు, చదివినవారి కళ్ళే మారాలి."

రాజుగారు ముమ్మిడమ్మ వైపు తిరిగారు. "అమ్మా, నువ్వే చెప్పు. గణితానికీ లెక్కలకీ తేడా ఉందా, లేదా?"

"కొంచెం ఉంది ప్రభూ," అందామె.

బాచన ఉలిక్కిపడ్డాడు. ఆచార్యులవారు మెడ నిక్కించారు.

"గణితం చెబుతానంటే పిల్లలు లేచి పారిపోతారు. లెక్కలు చెబుతానంటే కూర్చుంటారు. నేర్చుకునేది మాత్రం అదే."

చిన్నప్పుడు గణితాచార్యుడి అడుగుల చప్పుడు వినిపిస్తే ఏనుగుల సాలలో దాక్కున్న సంగతి రాజుగారికి గుర్తొచ్చింది. ఈ మాట ఆయన ఇన్నేళ్ళూ ఎవరికీ చెప్పలేదు.

"మాకూ ఎవరైనా లెక్కలని చెప్పి ఉంటే బాగుండేది," అని పకపకా నవ్వారు. ఆ నవ్వు చూసి ఆచార్యులవారు కూడా నవ్వక తప్పలేదు.

రాజుగారు అక్కడికక్కడే ముమ్మిడమ్మకు ఖాయమైన కొలువు రాయించారు. పట్టాలో పేరు మీద అనుమానం వస్తే, ఆ మనిషి చేత పిల్లల ముందు ఒక పాఠం చెప్పించి తేల్చాలని కొత్త శాసనం కూడా వేయించారు. దాన్ని పైకి చదువుకుని, అలవాటు ప్రకారం మెచ్చుకున్నారు. ఈసారి మెచ్చుకోదగ్గదే.

"బాచనకు మా లాయం నుంచి ఒక అశ్వాన్ని బహూకరించండి," అని ఆజ్ఞ ఇచ్చారు.

బాచన వంగి దండం పెట్టాడు. "పొరపాటున గుర్రాన్ని తోలుకొచ్చినా పుచ్చుకుంటాను ప్రభూ."

సభ నవ్వు ఆగేసరికి ముమ్మిడమ్మ అక్కడ లేదు. మధ్యాహ్నం పాఠానికి వేళైందని విద్యాపీఠానికి వెళ్ళిపోయింది.