కూజాకు చిక్కిన గొంతు

ఒకానొక రాజ్యంలో ప్రతాపభూపతి అనే రాజుండేవాడు. ఆ రాజ్యమెక్కడని అడక్కండి, చెబితే అక్కడివాళ్ళు నా మీదికి కర్రలెత్తుకొస్తారు. ఆయన ఏం మాట్లాడాలన్నా ముందు రెండుసార్లు గొంతు సవరించుకునేవాడు. సభంతా చేతులు కట్టుకు నిలబడితేగానీ మాట బయటికొచ్చేది కాదు. ఎంత పొగిడినా ఆయనకు చాలేది కాదు.

ఒకరోజు దేశాలు తిరిగే కంచరి ఒకడు ఆయనకు ఇత్తడి కూజా ఒకటి ఇచ్చిపోయాడు. మూత తీసి పెడితే దగ్గర్లో పలికిన మాటను అది పట్టేస్తుంది. మూత పెట్టేస్తే ఆ మాట లోపలే ఉండిపోతుంది. మళ్ళీ మూత తీసి వంచితే ఎవరి గొంతు వారిదిగా, అన్నది అన్నట్టే వినిపిస్తుంది. కాకపోతే ఒక్క ఊపిరిలో పలికే మాటకు మించి పట్టదు. మూత లేకుండా వదిలేస్తే కొత్త మాట చేరి పాతది పొర్లిపోతుంది.

మంచి వస్తువే. పసిపిల్ల కేరింత దాచుకోవచ్చు, కాటికి పోయే ముసలామె పాట దాచుకోవచ్చు. మన మహానుభావుడికి అవేం తోచలేదు. తననెవరు తిడుతున్నారో పట్టుకురమ్మని భటుల చేతికిచ్చాడు. కూజాలో ఎవరి గొంతు రాజును తూలనాడితే వాళ్ళ నాలుక కోయిస్తానని, కూజా చెప్పాక ఏ సంజాయిషీ వినేది లేదని దండోరా వేయించాడు.

ఇంకేముంది, ఊరు ఊరంతా మూగనోము పట్టింది. సంతలో బేరాలు వేళ్ళతోనే సాగాయి. తల్లులు జోలపాడాలన్నా ముందు తలుపు వెనక చూసుకునేవాళ్ళు.

మొదట చిక్కినవాడు వీరనాగప్ప. తోలుబొమ్మలు ఆడించి పొట్టపోసుకునేవాడు. డేరాలో ఒంటరిగా కూర్చుని, హాస్యగాడి బొమ్మ రాక్షసరాజు బొమ్మను ఎకసెక్కాలాడే ఘట్టం సాధన చేసుకుంటున్నాడు పాపం. డేరా వెనక భటుడు కూజా పెట్టి, ఆ మాట పడగానే మూత బిగించుకుపోయాడు.

మర్నాడు సభలో, సింహాసనం ముందర, కూజా వంచారు.

"ఒరే రాజా, నీ కిరీటానికున్న బరువు నీ తలకు లేదురా" అంది వీరనాగప్ప గొంతు.

వీరనాగప్ప కాళ్ళావేళ్ళా పడ్డాడు. అది ఆటలో మాట అన్నాడు, అన్నది రాక్షసుణ్ణి అన్నాడు. నాలుక పోతే తన బొమ్మలన్నీ మూగవైపోతాయని, పిల్లలు పస్తులుంటారని ఏడ్చాడు. ఎవరు వింటారు? తలారి కత్తి తీశాడు.

ఆ గందరగోళంలో భటుడు కూజాకు మూత పెట్టడం మరిచాడు. అది చూసినవాడు ఒక్కడే, సభలో హాస్యానికని రాజు పెట్టుకున్న తిప్పన.  ఎవరి ప్రాణం వారికి తీపే కదా. అయినా అడుగు ముందుకేశాడు.

"మహాప్రభూ, ఈ శిక్ష చెల్లదు."

 ఆ వంశంలో ఒక ఆచారముందని తిప్పన గుర్తుచేశాడు. శిక్ష పడాలంటే నేరమేమిటో రాజు తన నోటితో సింహాసనం మీంచి చెప్పాలి. నేరం మాటైతే ఆ మాటే పలకాలి. అంత పాడుమాట నేననాలా అని రాజు మొహం చిట్లించాడు. తాతగారు ఏనాడూ ఈ ఆచారం తప్పలేదని తిప్పన మెల్లగా అన్నాడు. తాతపేరెత్తితే రాజు ఉబ్బిపోతాడని అతనికి తెలుసు.

రాజు లేచాడు. రెండుసార్లు గొంతు సవరించుకుని, సభ దద్దరిల్లేలా ఆ మాట పలికాడు. వినరాని మాట అని సభికులంతా తల దించుకున్నారు. తిప్పన చటుక్కున కూజాకు మూతపెట్టాడు.

రేపెవరూ వేలెత్తి చూపకుండా సాక్ష్యం మరొక్కసారి విందామన్నాడు తిప్పన. రాజు విసుగ్గా చెయ్యూపాడు. తిప్పన మూత తీసి కూజా వంచాడు.

ముందు గొంతు సవరించుకున్న చప్పుడు, రెండుసార్లు. ఆ తర్వాత సాక్షాత్తూ ప్రతాపభూపతి గొంతు: "ఒరే రాజా, నీ కిరీటానికున్న బరువు నీ తలకు లేదురా."

 కత్తి ఎవరివైపు తిప్పాలో తెలియక తలారి నేలచూపులు చూశాడు. రాజు మొహం కందగడ్డయింది.

"తిప్పనా, అది వాడి మాట. నేను తిరిగి చెప్పానంతే."

తిప్పన మూత పెట్టకుండానే కూజా కింద పెట్టాడు. "వీరనాగప్ప కూడా అదే మొరపెట్టుకున్నాడు ప్రభూ, అది బొమ్మ మాటేనని. కూజా చెప్పాక సంజాయిషీ లేదన్నది తమరే."

రాజు చెయ్యి మొలలోని బాకు మీదికి పోయింది. ఇక తన పని అయిపోయిందనుకున్నాడు తిప్పన. కానీ రాజు వీరనాగప్ప వైపు తిరిగాడు.

"ఆ మాటకు మీ ఆటలో రాక్షసరాజు ఏం చేస్తాడు?"

వీరనాగప్ప చేతులు జోడించాడు. "నిజమేనేమోనని కిరీటం తీసి చేత్తో తూచి చూసుకుంటాడు ప్రభూ."

రాజు చెయ్యి బాకు వదిలి, తనకు తెలియకుండానే, నెత్తిమీది కిరీటం పట్టుకుంది. అది తెలిసిన మరుక్షణం ఆయనకు నవ్వాగలేదు. కళ్ళనీళ్ళు కారేలా నవ్వాడు. హమ్మయ్య అనుకుని సభంతా నవ్వింది. తిప్పన మాత్రం నవ్వలేదు, రాజు నవ్వు పడగానే కూజాకు మూతపెట్టేశాడు.

వీరనాగప్పకు పట్టుబట్టలిచ్చి, ఆ ఆట కోటలోనే ఆడించారు. ఏం కావాలో కోరుకోమంటే తిప్పన ఆ కూజా అడిగి పుచ్చుకున్నాడు. రాజుగారి నవ్వు అందులోనే ఉంది మరి.

ఆనాటినుంచి రాజు కోపంగా గొంతు సవరించుకుంటే చాలు, తిప్పన చెయ్యి కూజా మూతమీదికి పోయేది. చాలాసార్లు తీయాల్సిన పని పడేది కాదు.