మనిషి అడుగు పడని చోటు

ఒకనాడు తాంబూలం నములుతుండగా వీరకేసరి మహారాజుకు ఒక కోరిక పుట్టింది. తన రాజ్యంలో మనిషి అడుగు పడని అడవి ఉండాలి! పొరుగు రాజులు కుళ్లుకోవాలి.

అడవుల అధికారి త్రిలోచనుడు ఎగిరి గంతేశాడు.

"చిత్తం ప్రభూ! అడవిని పాడు చేస్తున్నది ఆ చెంచులే. ఎక్కడ చూసినా వాళ్లు తవ్విన గుంతలే. పున్నమిలోగా గూడెం ఖాళీ చేయిస్తాను."

తమలపాకులు చుడుతున్న సేవకుడు బొమ్మన మనసు కలుక్కుమంది. రాజుగారి వేటల్లో ఆ గూడెం అంబలి తాగి బతికినవాడు. వాళ్లు ఇల్లొదిలి ఎక్కడికి పోతారు?

"ప్రభూ, అయ్యగారి కంటికి తిరుగులేదు. పాడైన చోటొకటి, అడుగు పడని చోటొకటి వారే చూపిస్తే, తమరు కళ్లారా చూసి ఆజ్ఞ మీద ముద్ర వేయొచ్చు" అన్నాడు వినయంగా.

త్రిలోచనుడు ఉబ్బిపోయాడు. పల్లకీ దిగని మనిషి ఏం చూపిస్తాడో బొమ్మనకు బాగా తెలుసు.

మర్నాడు అందరూ అడవికి వెళ్లారు. గూడెం పెద్ద ఈదమ్మను బొమ్మన వెంటబెట్టుకొచ్చాడు.

త్రిలోచనుడు ముందు మోడులు మిగిలిన బయలు చూపించాడు. "చూశారా, చెంచుల నిర్వాకం!"

తర్వాత ఇప్పచెట్ల మధ్య దుంపతీగలు ఒత్తుగా అల్లుకున్న చోట ఆగాడు. "అడవంటే ఇదీ ప్రభూ! ఇక్కడ నరమానవుడు కాలు పెట్టలేదు."

ఈదమ్మ ఫక్కున నవ్వింది.

"ఇది మా అత్త కాలం నుంచి మేం తవ్వే తావు దొరా. దుంప కోసుకొని, తీగెతో సహా దాని తల మళ్లీ పాతిపెట్టి పోతాం, మళ్లీ దుంప ఊరుతది. తవ్వి చూడు, మెడకాడ కత్తిగాటు ఉంటది."

తవ్వించారు. గాటుంది. పక్క తీగ కిందా ఉంది.

రాజు కనుబొమలు ముడిపడ్డాయి. "మరి ఆ మోడుల బయలు?"

బొమ్మన చేతులు కట్టుకున్నాడు.

"మూడేళ్ల కిందటి మన వేట విడిది ప్రభూ! గుడారాలకు గుంజలు, వంటకు కట్టెలు అక్కడే కొట్టించాం. చెంచులను దరిదాపులకు రానివ్వలేదు. అయ్యగారు చెప్పింది నిజమే, దాన్ని పాడు చేసింది మనుషులే. ఆ మనుషులం మనమే!"

రాజు పొట్ట పట్టుకుని నవ్వాడు. ఆజ్ఞాపత్రం నాలుగు ముక్కలైంది. మెడలోని హారం బొమ్మన మెడలో పడింది. అడవి కాపలా గూడేనికే దక్కింది.

"త్రిలోచనా, ఏడాదిపాటు ఈదమ్మ దగ్గర అడవి నేర్చుకో!"

ఈదమ్మ అధికారి మెత్తటి అరచేతులు తిప్పి చూసి పెదవి విరిచింది.

"ఏడాది చాలదు దొరా!"