ఎదురుపీట

కూర్మనాథశాస్త్రిగారిని ప్రశ్న అడిగినవాడికి ముందు పని దొరికేది, ఆ తరువాతే జవాబు. ప్రశ్న ఎంత పెద్దదైతే పని అంత చిన్నది. మోక్షం గురించి అడిగిన ఒక పెద్దమనిషి చేత రెండు తట్టల చిక్కుడుకాయలకు ఈనెలు తీయించారు. ఆయన పూర్వం సైన్యంలో ధర్మగురువు. పటాలంతో పాటు తిరిగి, బతికినవాళ్లకు పూజలూ పోయినవాళ్లకు కర్మలూ చేయించి, పింఛను పుచ్చుకున్నాక వంశధార ఒడ్డున పాక వేసుకున్నారు. మేం నలుగురైదుగురు శిష్యులం ఆయన దగ్గరే ఉండేవాళ్లం. వాదన అంటే ఆయనకు గిట్టదు. "వాదించి గెలిచినవాడు ఇంటికెళ్లి ఒక్కడే అన్నం తింటాడు" అనేవారు. ఆ మాట నిజమే. నేను చాలాసార్లు గెలిచాను.

ఒక చలికాలంలో హరగోపాలం అనే విలేకరి వచ్చి మా దగ్గర ఉన్నాడు. సరిహద్దులో యుద్ధం జరిగినప్పుడు పత్రిక తరఫున వెళ్లి, కళ్లారా చూసి, పుస్తకం రాసినవాడు. ఫోటోలు తీయడానికి తోడు వెళ్లిన నజీర్ అక్కడే పోయాడు. పుస్తకానికి పేరొచ్చింది, ఊరూరా శాలువాలు కప్పారు. మనిషి మాత్రం పంక్తిలో మా పక్కనే కూర్చున్నా మరెక్కడో విడిగా తింటున్నట్టు ఉండేవాడు. చూస్తే జాలి వేసేది, పలకరించాలంటే భయం వేసేది.

ఒకనాడు పొద్దున్నే గురువుగారి ముందు కూర్చుని అడిగేశాడు.

"గురువుగారూ, నా పుస్తకం చదివి 'ఇది ఇలా కాదు' అన్నవాడు ఒక్కడూ లేడు. అనడానికి అక్కడ మేమిద్దరం తప్ప మూడోవాడు లేడు. ఇప్పుడు నేనొక్కణ్ణే. నేనేం రాస్తే అదే జరిగినట్టు. రెండో ముద్రణకు ప్రతి పంపమని తొందరపెడుతున్నారు, చెయ్యి ఆడటం లేదు. లోకమంతా నమ్మిన మాట నాకెందుకు నిలవడం లేదు?"

గురువుగారు చింతపండు బుట్ట అతని ముందుకు తోసి, గింజలు తీయమన్నారు. అతను నాలుగు గింజలు తీశాక, చెప్పడం మొదలుపెట్టారు. ఆయన చెప్పింది ఇది.

కొండల వారగా దాసరివలస అని ఒక ఊరు. ఇంటికొకడు పటాలానికి వెళ్లడం అక్కడి ఆనవాయితీ. ఏటా శీతాకాలంలో ఒక మధ్యాహ్నం జెండాదిమ్మ దగ్గర ఊరంతా చేరుతుంది. తిరిగొచ్చినవాళ్లు తాము చూసిన యుద్ధం చెబుతారు. అయితే ఎవడూ ఒంటరిగా చెప్పకూడదు. చెప్పేవాడికి ఎదురుగా ఇంకో పీట వేస్తారు. దాని మీద కూర్చునేవాడు అదే యుద్ధంలో, అదే చోట ఉన్నవాడై ఉండాలి. అతని పని ఒక్కటే: తప్పు దొర్లినచోట "కాదు" అనడం. బర్మా యుద్ధం నుంచి వచ్చిన ఒక ముత్తాత పుణ్యమిది. ఆయన చంపానన్న జపానువాళ్లను కూడుకుంటే ఆ దేశంలో మనిషి మిగలడని తేలి, పెద్దలు ఎదురుపీట వేశారట. అది ఖాళీ అయిన నాడు ఆ కథ ఇక చెప్పరు.

ఆ ఊళ్లో పోలినాయుడూ, సూరప్పడూ డెబ్బై ఒకటి యుద్ధానికి కలిసి వెళ్లారు. ఒక చిన్న వంతెన దగ్గర వాళ్లిద్దరినీ కాపలా పెట్టి పటాలం ముందుకు సాగిపోయింది. ఆ ఒక్క రోజే వాళ్ల కథ. ఏటా పోలినాయుడు చెప్పేవాడు, సూరప్పడు ఎదురుపీట మీద కూర్చునేవాడు. "తెల్లారేసరికి వాన" అని పోలినాయుడు అనగానే, "కాదు, మంచు" అనేవాడు సూరప్పడు. "వానరా!" "మంచురా!" ఊరు ఈ తగువు కోసమే వచ్చేది. ముప్పయ్యేళ్లు తగువు తెగలేదు. ఆ తరువాత వచ్చే కాల్పుల ముచ్చట మాత్రం పోలినాయుడు మూడు ముక్కల్లో దాటేసేవాడు. "కాల్చారు, కాచుకున్నాం, మనవాళ్లొచ్చారు." అక్కడ సూరప్పడు ఏనాడూ కాదనలేదు. ఆ ముచ్చట ఇద్దరూ తమలో తాము కూడా ఎత్తుకునేవారు కాదు.

సూరప్పడు గుండెనొప్పితో పోయాడు. ఆ ఏడు పోలినాయుడు జనంలో కూర్చుని పక్కవాళ్ల కథలు విన్నాడు. "పీట లేకపోతే పోనీ, చెప్పవయ్యా, నిన్నిప్పుడు కాదనేదెవరు?" అని కుర్రకారు బతిమాలారు. "అదేరా నా బాధ" అని లేచిపోయాడు. ఇంట్లో పెళ్లాం, కొడుకులు, మనవలు, అందరూ ఉన్నారు. అయినా ఆ వంతెన దగ్గర శత్రువుల మధ్య ఉన్నప్పటికంటే ఊరి మధ్యే ఎక్కువ ఒంటరివాడయ్యాడు. అక్కడ పక్కన ఒకడుండేవాడు.

మరుసటేడు నన్ను పిలిచారు, అన్నారు గురువుగారు. వెళ్లాను. కథలయ్యాయి, జనం లేవబోతున్నారు. సూరప్పడి భార్య అసిరమ్మ జనాన్ని తప్పించుకుంటూ వచ్చి ఎదురుపీట మీద కూర్చుంది. పెద్ద గోల లేచింది. ఊరి పెద్ద నెమ్మదిగానే అడిగాడు.

"అసిరమ్మా, ఆ పీట యుద్దానికి ఎల్లినోలిది. నువ్వెల్లినావేటి?"

"నాను ఎల్లనేదు బావూ. యుద్దమే మా ఇంటికొచ్చి ఉండిపోయింది. ముప్పయ్యేళ్లు దానికి కూడొండి పెట్టినాను."

ఊరి పెద్ద పక్కకు తప్పుకున్నాడు. పోలినాయుడు వచ్చి తన పీట మీద కూర్చున్నాడు. రెండేళ్ల కరువు తీరేలా చెప్పాడు. వంతెన చెప్పాడు, పటాలం వెళ్లిపోవడం చెప్పాడు. "తెల్లారేసరికి వాన" అని ఆగాడు. అసిరమ్మ ఏమీ అనలేదు. ఆమెకేం తెలుసు వానో మంచో! పోలినాయుడు కాసేపు ఆమె వంక చూసి, "మంచేలే" అన్నాడు. ముప్పయ్యేళ్ల తగువులో అలా ఓడిపోయాడు. ముసలివాళ్లు కండువాలతో కళ్లు ఒత్తుకున్నారు.

అక్కడితో ఆగి ఉంటే బాగుండేది. కానీ స్నేహితుడి మీద ప్రేమ పొంగింది. ఎప్పుడూ దాటేసే చోట ఈసారి ఆగి చెప్పాడు.

"తుపాకీ గుళ్లు వానలాగ పడతన్నాయి. అప్పుడు మా సూరి ఏం సేసినాడనుకున్నారు? పులిలాగ లెగిసినాడు. ఒక్కడే గట్టెక్కి..."

"కాదు" అంది అసిరమ్మ.

"సెల్లెమ్మా..."

"ఆడు లెగనేదు అన్నియ్యా. కాలూ సెయ్యీ ఆడక బురదలో ఉండిపోయినాడు. ఏడిసినాడు. నువ్వు సెయ్యట్టుకున్నావు. ఎన్నిమార్లు సెప్పినాడో నాకు. నాతో కాపరం సేసినోడు ఆడే. నువ్వు సెప్పినోడెవడో నానెరగను. ఆడిని మార్సీకు."

ఆ మాటకు జనం తల దించుకున్నారు. నేనూ దించుకున్నాను. పోయినవాడి పరువు పెళ్లామే తీసిందని కొందరికి కోపం కూడా వచ్చింది. పోలినాయుడికి మాత్రం కోపం రాలేదు. అతని ముఖంలో మొదట భయం కనిపించింది. తరువాత కనిపించినదాన్ని ఏమనాలో నాకిప్పటికీ తెలియదు. దారి తప్పిన పశువు మెడగంట ఎక్కడో వినిపించినప్పుడు, దాని కోసం తిరుగుతున్నవాడి ముఖం అలా ఉంటుంది.

"నీకు సెప్పినాడా?" అన్నాడు. "ఇది ఎరిగినోడ్ని లోకంలో నానొక్కడ్నే మిగిలిపోయినాననుకున్నాను."

అసిరమ్మ అవునన్నట్టు తల ఊపింది.

"సెయ్యి అట్టుకున్నది నిజమే సెల్లెమ్మా. ఆడికి దైర్నం సెప్పడానికి కాదు. నాకూ ఒకటే ఒణుకు. ఆడి సెయ్యి వదిలేస్తే పరిగెత్తిపోదును."

చెప్పడం అయిపోయాక ఎదురుపీటను అడగడం ఆ ఊరి పద్ధతి. పోలినాయుడు అడిగాడు. "మరేటంటావు? సరిగ్గా సెప్పినానా?"

"నాకేటి తెలుసు అన్నియ్యా, నానక్కడ ఉండనేదు కదా" అంది అసిరమ్మ.

పోలినాయుడు నవ్వాడు. సూరప్పడు పోయాక అతను నవ్వడం ఊరు చూడటం అదే మొదలట.

గురువుగారు అంతటితో ఆపి, చింతపండు బుట్ట దగ్గరికి లాక్కుని చూసుకున్నారు. హరగోపాలం చేతిలో గింజ అలాగే ఉండిపోయింది.

"నజీర్ నవ్వుతూ ముందుకు నడిచాడని రాశాను."

గురువుగారు అవునా కాదా అని అడగలేదు. "అతనికి ఇంటి దగ్గర ఎవరున్నారు?" అన్నారు.

"వాళ్లమ్మ. మార్కాపురంలో ఉంటుంది. రోజూ ఆవిడకు ఫోన్ చేసేవాడు. ఆ రోజు పొద్దున కూడా చేశాడు. ఏం మాట్లాడాడో నాకు తెలియదు." అతను చేతిలోని గింజ కింద పెట్టాడు. "పుస్తకం పంపించాను గురువుగారూ. కానీ ఆవిడకు చదవడం రాదు."

"చదవడం రాకపోతే పోనీ నాయనా" అన్నారు గురువుగారు. "కాదనడం వస్తుంది కదా."