పొయ్యి ముందు అన్నపూర్ణ

అమ్మవారిని ఒక్కసారి తలుచుకుని, కాస్త దగ్గరగా జరిగి కూర్చోండి నాయనా, చెబుతాను.

కుందనగిరి రాజు తిమ్మభూపాలుడికి ఒకనాడు కోరిక పుట్టింది. "నవరాత్రులకు ఇంతవరకూ ఎవరూ చూడని అన్నపూర్ణమ్మ పటం కావాలి. నాకు నచ్చితే గుడిగోడల మీద బొమ్మలన్నీ ఆ చేతికే!" అన్నాడు.

పని పటాలు గీసే పైడన్నకు దక్కింది. ఈ పైడన్న ఎక్కడుంటే అక్కడ గొడవే. మొదట్లో అందరిలాగే అమ్మవారికి నిలువెల్లా నగలు దిద్దేవాడు. వయసు పెరిగేకొద్దీ ఒక్కో పటంలో ఒక్కో నగ తీసేస్తూ వచ్చాడు. వడ్డాణం తీసేసిన ఏడాది ఊరు గొణిగింది. కిరీటం తీసేసిన ఏడాది రాళ్లే విసిరింది.

"ఆ నగల్లో తల్లి మొహం కనబడటం లేదయ్యా," అనేవాడు, అంతే.

ఈసారి తెర తీసేసరికి సభంతా నోరు వెళ్లబెట్టింది. పొయ్యి ముందు కూర్చున్న నల్లటి తల్లి! కొంగు నడుముకు దోపింది. ముక్కు మీద చెమట, చెంప మీద మసి, చేతిలో గరిటె. కళ్లు మాత్రం ఇంకా దిద్దలేదు.

ఆస్థాన చిత్రకారుడు విరూపాచారి ఎగిరి లేచాడు.

"అపచారం ప్రభూ! ఇది అమ్మవారా? ఎవరో వంటమనిషి! మా ఇంట్లో వంటమనిషే ఇంతకన్నా శుభ్రంగా ఉంటుంది. వీడి చేత కుంచె మాన్పించండి!"

రాజు మొహం ముడుచుకున్నాడు. "ఏమయ్యా పైడన్నా, ఈమె అమ్మవారేనని రుజువు చెయ్యి. లేదా, ఈ జన్మకిక కుంచె ముట్టకు."

కుంచె ముట్టని రోజున పైడన్నకు ముద్ద దిగదు. పటానికి దండం పెట్టుకున్నాడు.

"రుజువు ఆచారిగారే చేస్తారు ప్రభూ."

మీకు తెలిసిందేగా, దేవుడి బొమ్మకు కళ్లు ఆఖర్న తెరుస్తారు. ఆ తొలిచూపు మనిషి తట్టుకోలేడని ఎదురుగా అద్దం పెట్టి, అందరూ పక్కకు తప్పుకుంటారు.

పైడన్న నల్లరంగులో కుంచె ముంచాడు. "వంటమనిషేగా, అద్దం ఎందుకు దండగ? ఆచారిగారూ, మీరే ఎదురుగా నిలబడండి. కళ్లు తెరుస్తాను."

ఆచారి ఛాతీ విరుచుకుని నిలబడ్డాడు. కుంచె పటం దగ్గరికి వచ్చింది. ఆచారి ఒక అడుగు వెనక్కి వేశాడు. కుంచె కంటిని తాకబోయింది...

"ఆగరా, ఆగు! అద్దం! ముందు అద్దం పెట్టండి!"

ఒక్క గంతులో ఆచారి స్తంభం వెనక ఉన్నాడు.

పైడన్న అమాయకంగా అడిగాడు:

"ఆచారిగారూ, మీ ఇంట్లో వంటమనిషి కళ్లు తెరిచినప్పుడల్లా ఇలాగే దాక్కుంటారా?"

సభ పగలబడి నవ్వింది. రాజు నవ్వీ నవ్వీ కళ్లు తుడుచుకుని, అద్దం తెప్పించి, తన చేత్తోనే పటం ముందు నిలబెట్టాడు. భుజం మీది శాలువా తీసి పైడన్నకు కప్పాడు.

"గుడిగోడలన్నీ నీవే! ముందు తల్లికి కళ్లు తెరవవయ్యా, నైవేద్యం వేళవుతోంది."

స్తంభం వెనక నుంచి సన్నగా వినబడింది:

"అద్దం పెట్టారా, ఇంకా లేదా?"