అలిగిన సూర్యుడు, కసిరిన అత్తగారు

పూర్వం, సప్తసముద్రాలకు ఆవల, మంచుకొండలు కోటగోడలై చుట్టుకొన్న హిమగర్భమనే ద్వీపంలో, ప్రభాతపురిని రాజధానిగా చేసుకొని, ప్రజావత్సలుడైన ద్యుతిసేనుడనే రాజు రాజ్యమేలుతుండేవాడు. ఆ ద్వీపంలో ఏడాదికి సగం వెలుగు, సగం చీకటి. ఆ వంశపు మూలపురుషుడి కూతురు కాంతిమతిని లోకబాంధవుడైన సూర్యభగవానుడు ముచ్చటపడి పెళ్ళాడి, ఆరు నెలలు అత్తవారింట ఉంటాననీ, తక్కిన ఆరు నెలలు ఇతర లోకాలు చుట్టివస్తాననీ మాట ఇచ్చాడట. కనుక జగత్తుకంతటికీ ఆయన దేవుడైనా, ప్రభాతపురికి మాత్రం ఇంటి అల్లుడు.

చీకటి నెలలు తీరే ఉదయాన అక్కడ 'అల్లుడి పిలుపు' అనే వ్రతం జరిగేది. రాజకుటుంబంలోని పెద్దావిడ అత్తగారి స్థానంలో నిలిచి, తూర్పు గడప దగ్గర పాత చెక్కపీట వేసి, వేడివేడి పెసర పొంగలి వడ్డించి, ఇంత ఆలస్యమేమిటని కొండవైపు తిరిగి కసిరేది. వ్రతమంటే అంతే. ఆ మాట వినగానే మహానుభావుడు బుద్ధిగా పైకి వచ్చేవాడు.

ఆ ఏడు ద్యుతిసేనుడికి లేకలేక ఒక ఆడపిల్ల పుట్టింది. చీకట్లో పుట్టిన ఆ పసికందు పాలు తాగలేక, ఏడవడానికైనా ఓపిక లేక, రోజురోజుకూ చల్లబడిపోతోంది. కులగురువైన శంఖపాద మహర్షి శిశువు నాడి చూసి, "రాజమాతా! ఈ బిడ్డకు తొలికిరణమే ఔషధం. పిలుపునాటి ఉదయం వరకు నా తపస్సు ధారపోసి ప్రాణం నిలుపుతాను. ఆపైన నా చేతిలో లేదు" అన్నాడు.

రాజమాత అర్చిష్మతి భయంతో మనవరాలిని ఒడిలోకి తీసుకొన్నది. పైగా పొరుగు దీవుల రాజులంతా ఆ ఏడు వ్రతం చూడవచ్చారు. మనవరాలి ప్రాణం సూర్యుడి చేతిలో ఉండగా ఎప్పటిలా కసిరితే ఏమనుకుంటాడో, మర్యాదలో రవ్వంత లోపమైనా కొంప మునుగుతుందేమో అని ఆ తల్లి బెంగ. పిలుపునాటి ఉదయం పాత పీట తీయించి రత్నపీఠం వేయించింది, పొంగలి మాన్పించి దివ్యపాయసాలు వండించింది, తాను పట్టుచీర కొంగు నిండుగా కప్పుకొని చేతులు జోడించి, "హే సహస్రకిరణా! త్రిలోకవందితా! ఈ దీనురాలి పూజలు స్వీకరించి అనుగ్రహించు మహాప్రభో!" అని గొంతెత్తి స్తుతించింది.

కొండ అంచున ఎర్రని రేఖ ఒకటి తొంగిచూసింది. స్తోత్రం విని అక్కడే ఆగింది. మెల్లగా వెనక్కు జారిపోయింది.

సభ నిర్ఘాంతపోయింది. రాజు కొండవైపు చేతులు చాచాడు. మహర్షి కళ్ళు మూసుకొని ఎంత వెదికినా స్తోత్రంలో ఒక్క తప్పూ కనబడలేదు. అర్చిష్మతి ఒడిలోని బిడ్డ పెదవులు నీలంగా మారుతున్నాయి. ఆ పెదవులు చూసేసరికి ఆమెకు రాజులూ గుర్తులేరు, రత్నపీఠమూ గుర్తులేదు. కళ్ళనీళ్ళతో లేచి, కొంగు నడుముకు బిగించి కొండవైపు తిరిగింది.

"ఏమయ్యా అల్లుడుగారూ! గుమ్మందాకా వచ్చి వెనక్కు తిరిగిపోతారా? ఇదేనా మీ పెద్దరికం? ఇంట్లో పసిపిల్ల చలికి వణికి చస్తుంటే మీకు అలకలు కావలసివచ్చాయా? రండి లోపలికి! మా కాంతిమతిని కొండవతలే కూర్చోబెట్టి నాచేత బతిమాలించుకుంటారా?"

కొండలు మారుమోగేలా ఒక నవ్వు వినిపించింది. మరుక్షణం దినమణి శిఖరం మీద నిలువెల్లా వెలిగిపోతూ నిలిచాడు. తొలికిరణం తిన్నగా వచ్చి పసిదాని బుగ్గను తాకింది. అది మొదట తుమ్మి, ఆపైన కోటంతా వినబడేలా కేరుమన్నది. ఆ ఏడుపు విని రాజమాత నవ్వుతూ, ఏడుస్తూ బిడ్డను వెలుగులోకి ఎత్తి పట్టుకొన్నది.

"అత్తగారూ!" అన్నాడు లోకసాక్షి, తప్పు చేసినవాడిలా తలవంచి. "ఏ లోకానికి వెళ్ళినా నాకు స్తోత్రాలే. ఆలస్యమైందని కసిరేది ఈ ఒక్క ఇంట్లోనే. ఆ మాట కోసమే ఆరు నెలలూ ఎదురుచూసి వస్తే మహాప్రభో అన్నారు. నన్ను పరాయివాణ్ణి చేశారనిపించి మనసు చివుక్కుమంది. నా వెలుగు లేని వేళ పుట్టిన బిడ్డ లోపల ఉందని నాకు తెలియదు. క్షమించండి."

"నాదే తప్పు నాయనా! భయంలో అయినవాణ్ణి దేవుణ్ణి చేశాను" అన్నది ఆమె కొంగుతో కళ్ళు ఒత్తుకుంటూ.

"ఇకమీదట ఈ ద్వీపంలో చీకటి నెలల్లో పుట్టే ఏ బిడ్డనూ చలి తాకదు. ఇది నా వరం" అని పలికి, భాస్కరుడు గొంతు తగ్గించి, "పొంగలి లేదా?" అని అడిగాడు.

పరుగున పొంగలి వండారు, పాత పీట వేశారు. బిడ్డకు ఉదయిని అని పేరు పెట్టారు. కరిగిన మంచు కాలువలై పారి చేలు పచ్చబడ్డాయి.

ఈ కథ విన్నవారి ముంగిట వెలుగు తరగదని పెద్దలు చెబుతారు. ఆ ద్వీపంలో నేటికీ సూర్యుడికి స్తోత్రం లేదు. పిలుపునాటి ఉదయం ఇంటి పెద్దావిడ నడుముమీద చేతులు వేసుకొని కొండవైపు చూస్తూ నిలబడుతుంది. ఆమె చేత కసిరించుకోవడం కోసం ఆ జగత్కర్మసాక్షి కావాలనే కాస్త ఆలస్యంగా వస్తాడట.